ఐదూ నలభై బండి

బస్టాండులో ఆయన్ని అందరూ ముల్లు అనేవాళ్ళు. గడియారపు ముల్లా, కాల్లో దిగే ముల్లా అన్నది చెప్పేవాడి అనుభవాన్ని బట్టి ఉండేది. టైముకి బండి తీసే డ్రైవర్లకి ఆయన గడియారపు ముల్లు. టీ గ్లాసు పట్టుకుని ఇంకో రెండు గుక్కలంటూ సాగదీసేవాళ్ళకి రెండో రకం. తనకా పేరుందని ఆయనకీ తెలుసు. కొత్తగా చేరిన క్లీనరొకడు నోరుజారి ఎదురుగానే "ముల్లుగారూ" అనేస్తే, రిజిస్టరులోంచి తలెత్తకుండానే "గారు అక్కర్లేదు గానీ, ముందు ఆ బండి తీయమను" అన్నాడట.

ఆయన కంట్రోలరు, బళ్ళని టైముకి పంపే ఉద్యోగం. కంట్రోల్ రూమంటే పెద్ద గదేమీ కాదు, రెండు ప్లాట్‌ఫారాల మధ్య మూడు వైపులా అద్దాలు బిగించిన గూడు. అందులో ఒక బల్ల, ఒక మైకు, దారంతో కట్టేసిన పెన్ను, బారెడు పొడుగు రిజిస్టరు. ఆ రిజిస్టరులో ఒక్కో బండికి రెండు గళ్ళుంటాయి. బయల్దేరాల్సిన టైము ఒక గడిలో, బయల్దేరిన టైము పక్క గడిలో. ఇరవై రెండేళ్ళుగా ఆయన షిఫ్టులో ఆ రెండు గళ్ళూ కవలపిల్లల్లా ఉండేవి. ఎవరెంత బతిమాలినా, ఎవరి చుట్టమని చెప్పినా ఆయన జవాబు ఒకటే: "తర్వాత బండి ఇన్నింటికి."

ఆ పట్టుదల ఊరికే రాలేదు. ఆయన తండ్రి దర్జీ. చేతిపని బంగారం, ఇచ్చిన మాట మాత్రం నీళ్ళ మీద రాత. కొలతలు తీసుకున్నంత శ్రద్ధగా గడువు చెప్పేవాడు, గడువు రోజు రాగానే వెనక గదిలోకి వెళ్ళి కూర్చునేవాడు. "నాన్న లేరండీ, రేపు రమ్మన్నారు" అని గుమ్మంలో నిలబడి చెప్పే పని చిన్నప్పుడు ఈయనదే. అలా నాలుగుసార్లు తిరిగిన ఒక పెద్దమనిషి ఐదోసారి వచ్చినప్పుడు కేకలేస్తాడని భయపడ్డాడు. ఆయన కేకలెయ్యలేదు. "బాబూ, మా తమ్ముడి పెళ్ళి నిన్ననే అయిపోయింది. బట్ట ఉంటే ఇచ్చెయ్యమ్మా, కుట్టకపోయినా ఫర్వాలేదు" అన్నాడు. ఆ తర్వాత ముల్లు నోట రేపు అన్న మాట విన్నవాళ్ళు లేరు. "ఎల్లుండికి ముందురోజు అంటారు గానీ రేపు అనరండీ ఈయన" అని ఆయన భార్య ఇరుగుపొరుగుతో చెప్పి నవ్వేది.

అంత మనిషికీ బస్టాండులో ఒక స్నేహితుడున్నాడు. కొండ మీది ఊరికి సాయంత్రం ఐదూ నలభైకి వెళ్ళే బండి డ్రైవరు. చుట్టరికం ఏమీ లేకపోయినా మొదటి రోజునుంచే "బావా" అని పిలవడం మొదలుపెట్టాడు. దాంతో అతని భార్య ఈయనకి చెల్లెలైంది, ఈయన కూతురు అతన్ని మావయ్యా అనేది. అతను బండి ఆలస్యంగా తీసిన రోజు లేదు. ఐదూ ముప్పై తొమ్మిదికి ఇంజను వేసి, కిటికీలోంచి చెయ్యి బయటికి పెట్టి, అద్దాల వెనకున్న ఈయన్ని చూస్తూ ఐదు వేళ్ళూ చాపి ఒక్కొక్కటే ముడిచేవాడు. పిడికిలి బిగిసేసరికి బండి కదిలేది. ప్రయాణికుల పిల్లలు కూడా ఆ ఆట నేర్చుకుని వేళ్ళు ముడిచేవాళ్ళు.

ముల్లు కూతురు పురిటికొచ్చింది. డాక్టరు చెప్పిన రోజు దాటి తొమ్మిది రోజులైంది. ఇంట్లో ఆడవాళ్ళు నిబ్బరంగానే ఉన్నారు గానీ ఆయనకి మాత్రం కాలు ఒకచోట నిలవలేదు. తొమ్మిది రోజుల ఆలస్యం ఆయన జీవితంలో అదే మొదలు. ఆ తొమ్మిదో రోజు మధ్యాహ్నం కంట్రోల్ రూము ఫోను మోగింది. ఆడపిల్ల, తల్లీ బిడ్డా క్షేమం అని భార్య చెప్పింది. ఆయన ఫోను పెట్టేసి, లేచి నిలబడి, మళ్ళీ కూర్చుని, టీ కొట్టాయన్ని కేకేసి అందరికీ మిఠాయి తెప్పించాడు. విషయం తెలిసిన డ్రైవరు మిఠాయి నోట్లో పెట్టుకునే కంట్రోల్ రూములోకి దూరి మైకు లాక్కున్నాడు.

"ప్రయాణికులకు ఒక మనవి. మన కంట్రోలరు గారు ఈ రోజు మధ్యాహ్నం పన్నెండూ పదికి తాతయ్యారు. బిడ్డ తొమ్మిది రోజులు ఆలస్యంగా వచ్చినా సరే, లోపలికి రానిచ్చారని తెలియజేయడానికి సంతోషిస్తున్నాం."

బస్టాండంతా గొల్లుమంది. ముల్లు మైకు లాక్కుని "పనికిమాలిన వేషాలూ నువ్వూ" అన్నాడు గానీ, ఆయన ముఖం అప్పుడు ఎలా ఉందో చూసినవాళ్ళు చాలా ఏళ్ళు చెప్పుకున్నారు. ఆరింటికి షిఫ్టు దిగగానే ఆస్పత్రికి వెళ్ళి మనవరాల్ని చూడాలి. మధ్యాహ్నమంతా ఆయన అదే ధ్యాసలో ఉన్నాడు.

సరిగ్గా ఐదూ నలభైకి ఒక మనిషి అద్దం దగ్గరికి పరిగెత్తుకొచ్చాడు. నలభై ఏళ్ళుంటాయి. రెండు చేతుల్లో రెండు సంచులు.

"సార్, సార్, కొండ బండి ఆపండి. మా ఆవిడ ఎదురుగా మందుల కొట్లో ఉంది. మా నాన్నకి మందులు సార్, పొద్దుట్నించి నాలుగు కొట్లు తిరిగితే ఇక్కడ దొరికాయి. రెండంటే రెండే నిమిషాలు."

తర్వాత బండి ఏడింటికి. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. బయట డ్రైవరు చివరి వేలు ముడుస్తున్నాడు. ఎందుకో ముల్లుకి ఇంకా చూడని ఆ పసిగుడ్డు గుర్తొచ్చింది. తొమ్మిది రోజులు ఆలస్యంగా వచ్చిందని దాన్నెవరూ వెనక్కి పంపలేదు కదా అనుకున్నాడు. ఆ ఆలోచనకి తనకే నవ్వొచ్చింది. అద్దంలోంచి డ్రైవరు వైపు అరచెయ్యి ఎత్తి చూపించాడు. ఆగు.

డ్రైవరు బిగించిన పిడికిలి అలాగే పెట్టి వింతగా చూశాడు. ఒక నిమిషం గడిచింది. రెండు గడిచాయి. ఆ భర్త మెడ రిక్కించి గేటు వైపే చూస్తున్నాడు. నాలుగో నిమిషంలో ఆమె కనబడింది. ఒక చేతిలో మందుల కవరు, తెగిన చెప్పు రెండో చేతిలో, కుంటుకుంటూ పరుగు. భార్యాభర్తలిద్దరూ ఎక్కి, ముందు ఖాళీ లేక చివరి సీట్లోకి వెళ్ళి కూలబడ్డారు.

డ్రైవరు కిటికీలోంచి తల బయటికి పెట్టి అరిచాడు. "ఏం బావా! మనవరాలింకా కళ్ళు తెరిచిందో లేదో, అప్పుడే రూల్సు మార్చేసిందే!"

ముల్లు పొమ్మన్నట్టు చెయ్యి ఊపాడు. బండి వెళ్ళింది. రెండో గడిలో ఐదూ నలభై నాలుగు అని రాసి, పక్కన "ప్రయాణికురాలి కోసం" అని కారణం రాశాడు.

ఆరున్నరకి ఆస్పత్రిలో మనవరాల్ని ఒళ్ళో పెట్టారు. తువ్వాలులో చుట్టిన చిన్న మూట. ఆయన వేలు పట్టుకుని వదల్లేదు. ఎవరో ఫొటో తీస్తుంటే, ఆయన అలవాటుగా వాచీ చూసుకుని "ఆరూ నలభై, రాసుకోండి" అన్నాడు. అందరూ నవ్వారు.

ఏడుంబావుకి, వదిలేసిన సైకిలు కోసం బస్టాండుకి వస్తే కంట్రోల్ రూము చుట్టూ జనం. మూడు రోజులుగా కొండల్లో పడుతున్న వానకి నానిన గుట్ట మీదినుంచి ఒక బండరాయి జారి, మూడో మలుపులో బస్సు ముందు భాగం మీద పడింది. డ్రైవరూ, ముందు సీట్లలో ఉన్న ఆరుగురూ పోయారు. వెనక ఉన్నవాళ్ళు గాయాలతో బయటపడ్డారు. ఎన్నింటికి అని అడిగాడు ముల్లు. ఆరూ నలభై ప్రాంతంలో అన్నారు.

ఆయన గూట్లోకి వెళ్ళి, రిజిస్టరు తెరిచి, రెండో గడి మీద వేలు పెట్టి కూర్చున్నాడు. చాలాసేపు ఎవరు లేపినా లేవలేదు.

విచారణకి ఒక అధికారి వచ్చాడు. మంచి మనిషి. రిజిస్టరు తిరగేసి, "రాయి పడటానికీ మీ రిజిస్టరుకీ సంబంధమేముందండీ? అది ప్రకృతి పని. మీ తప్పేమీ లేదు" అని సంతకం పెట్టి వెళ్ళిపోయాడు. తోటి కంట్రోలరు భుజం మీద చెయ్యేసి, "పోయే ఘడియ వస్తే ఎవరాపగలరు అన్నా, మనం నిమిత్తమాత్రులం" అన్నాడు. ముల్లు ఆ చేతిని తోసేశాడు.

"ఆ ఘడియ దానంతట అది రాలేదు. నేను ఆపి తీసుకొచ్చాను."

ఆ తర్వాత ఆయనకి తీసివేతల జబ్బు పట్టుకుంది. అన్నం ముందు కూర్చుని కంచం అంచు మీద వేలితో ఏదో రాసేవాడు. రాయి పడటానికి పట్టేది ఒక్క క్షణం. నాలుగు నిమిషాలు ఆపకపోతే బండి మలుపు దాటిపోయేది. ఐదు నిమిషాలు ఆపినా రాయి ముందే పడి, డ్రైవరు దాన్ని దూరం నుంచే చూసి బండి ఆపుకునేవాడు. మరీ చెప్పాలంటే, ఆమె చెప్పు తెగకపోయినా చాలు. ఇక్కడికొచ్చేసరికి ఆయనకి ఇంకో సంగతి తట్టేది. ఇరవై రెండేళ్ళలో టైముకి పంపిన బళ్ళెన్ని? వాటిలో ఏది ఏ రాయిని తప్పించుకుందో, ఎవర్ని ఎక్కనివ్వకపోవడం వల్ల వాళ్ళు బతికారో, ఎవరు నష్టపోయారో, అదెక్కడా రాసి ఉండదు. కనిపించేది ఈ నాలుగు నిమిషాలే. మిగతా కాలమంతా చీకట్లో పోయింది.

"తినండి, చల్లారిపోతోంది" అనేది భార్య. ఆయన తలూపి, మళ్ళీ వేలితో రాసేవాడు.

రెండు వారాల తర్వాత డ్రైవరింటికి వెళ్ళాడు. రెండు గదుల ఇల్లు. దండెం మీద ఖాకీ చొక్కా ఇంకా ఉంది, ఉతికి ఆరేసింది తియ్యడానికి ఎవరికీ చేతులు రాలేదు. డ్రైవరు భార్య ముఖం కడుక్కుని వచ్చి, స్టూలు వేసి, మంచినీళ్ళిచ్చింది.

"బిడ్డ ఎలా ఉంది అన్నయ్యా? పాలు తాగుతోందా?" అంది. ఆ పరిస్థితిలోనూ ఆ మాట అడిగింది.

ఆయన గ్లాసు కింద పెట్టేశాడు. "నేను నీకొకటి చెప్పాలమ్మా. ఆ రోజు బండి టైముకి పోలేదు. నేనే ఆపాను. నాలుగు నిమిషాలు."

ఆమెకి వెంటనే అర్థం కాలేదు. "ఆపితే?"

"ఆపకపోయి ఉంటే, రాయి పడేసరికి వాడు ఆ మలుపు దాటిపోయేవాడు."

వెనక గదిలో కుక్కరు కూత వేసింది. ఆమె లోపలికి వెళ్ళి స్టవ్వు ఆపి వచ్చింది.

"ఎవరి కోసం ఆపారు?"

"ఎవరో భార్యాభర్తలు. ముసలాయనకి మందులట."

"వాళ్ళున్నారా?"

"ఉన్నారు. చివరి సీట్లో కూర్చున్నారు."

ఆమె తిట్టలేదు, ఏడవలేదు. ఆయన తాగని గ్లాసు తీసి, నీళ్ళు గుమ్మం పక్కనున్న మొక్కలో పోసి, "మీరింక వెళ్ళండి" అంది. ఆయన లేచాడు. వీధి మలుపు తిరుగుతూ వెనక్కి చూస్తే తలుపు వేసి ఉంది.

ఇంకో నెల గడిచింది. ఒకరోజు మధ్యాహ్నం టీ కొట్టు ముందు బల్ల మీద కూర్చుని ఉన్నాడు. వాళ్ళిద్దరూ గేట్లోంచి రావడం దూరాన్నుంచే చూశాడు. అతని చెయ్యి ఇంకా కట్టులో ఉంది. ఆమె చిక్కి సగమైంది. మందుల కవరుతో కుంటుతూ పరిగెత్తిన మనిషిని ఆనవాలు పట్టడానికి ఆయనకి ఒక్క క్షణం కూడా పట్టలేదు. వాళ్ళు టీ కొట్టాయన్ని ఏదో అడుగుతున్నారు. ఆయన ఇటు చెయ్యి చూపించాడు.

వాళ్ళెందుకొచ్చారో ముల్లుకి తెలిసిపోయింది. రోజూ కంచం అంచున తను వేసే లెక్కే ఆమె ముఖంలో కనబడింది. వాళ్ళు నడిచి వచ్చేలోపు ఆయన అటు తిరిగి, చేతి వాచీ కీ బయటికి లాగి, ముల్లుని నాలుగు గీతలు వెనక్కి తిప్పి, కీ నొక్కేశాడు. ఆ వాచీ కొన్న నాటినుంచీ దాన్ని రేడియో వార్తలతో తప్ప దేనితోనూ సరిచెయ్యలేదు.

"నమస్కారమండీ" అన్నాడు భర్త. "గుర్తుపట్టారా? ఆ రోజు బండి..."

"పట్టాను. కూర్చోండి."

ఆమె కూర్చోలేదు. అతను గొంతు తగ్గించి చెప్పాడు. "ఒక్క మాట కనుక్కుందామని వచ్చామండీ. మా ఆవిడ సరిగ్గా తిని, పడుకుని నెలన్నరైంది. కొట్లో చీటీ వెతుక్కుంటూ ఆలస్యం చేశాను, నా వల్లే ఏడుగురు పోయారు అంటుంది. ఎంత చెప్పినా వినదు. ఆ రోజు బండి అసలు ఎన్నింటికి వెళ్ళిందండీ? మీ పుస్తకంలో రాసి ఉంటుంది కదా?"

"ఉంది. ఐదూ నలభై."

"కాదండీ" అంది ఆమె. మొదటిసారి నోరు విప్పింది. "మా ఆయన మీ దగ్గరికొచ్చి బతిమాలేసరికే ఐదూ నలభై. నేనొచ్చేసరికి ఇంకా దాటింది. వాచీ చూసుకున్నారీయన."

"ఏదీ, ఆ వాచీ ఇటివ్వండి" అన్నాడు ముల్లు. అతను కట్టు లేని చెయ్యి చాపాడు. ముల్లు తన చెయ్యి పక్కన పెట్టాడు. రెండు వాచీలూ పక్కపక్కనే. "చూడమ్మా. మీ ఆయన వాచీ నాలుగు నిమిషాలు ముందుంది. ఈయన నా దగ్గరికొచ్చి గోల పెట్టేసరికి ఐదూ ముప్పై ఆరే. ఇంకా టైముంది కదా అని నేనూ ఊరుకున్నాను. నువ్వు బండెక్కాకే నలభై అయింది. వెళ్ళాల్సిన టైముకే వెళ్ళింది."

ఆమె రెండు వాచీల్నీ మార్చి మార్చి చూసింది. "నిజంగానా?"

"ఇక్కడ నన్నేమంటారో తెలుసా? ముల్లంటారు. ఎవరి కోసమైనా నేను బండి ఆపానేమో అడుగు. అదిగో, ఆయన్నడుగు."

ఆమె టీ కొట్టు వైపు తిరిగింది. ఆ రోజు జరిగిందంతా టీ కొట్టాయన కళ్ళారా చూసినవాడే. మిఠాయి తెచ్చినవాడే. ఆయన గ్లాసు తుడుస్తూ ముల్లు వైపు చూశాడు. తుడిచిన గ్లాసునే మళ్ళీ తుడిచాడు.

"ఆయనా?" అన్నాడు చివరికి. "కన్నతండ్రి అడ్డం పడినా ఆపడమ్మా ఆ మనిషి. రాతి గుండె."

అప్పుడామె బల్ల మీద కూర్చుంది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, బస్టాండులో అంతమంది చూస్తున్నా, చాలాసేపు ఏడ్చింది. భర్త పక్కన నిలబడి వాచీ వైపు చూసుకుంటూ "అప్పటికీ అనుకుంటూనే ఉన్నా, ఇది ముందు తిరుగుతుందని" అంటున్నాడు. పాపం, నమ్మాలనుకున్నాడు, నమ్మాడు. వెళ్ళేముందు డ్రైవరింటికి దారి అడిగారు. ఆయన భార్యని ఒకసారి పలకరించి వెళ్తామన్నారు. ఆమెకి అసలు సంగతి తెలుసు. చెప్పకుండా ఎలా ఉండగలడు? చెప్పాడు.

వాళ్ళు వెళ్ళాక టీ కొట్టాయన ఒక గ్లాసు తెచ్చి పక్కన పెట్టాడు. ఇద్దరూ ఆ సంగతి మళ్ళీ ఎప్పుడూ ఎత్తలేదు. వాచీని మాత్రం ఆయన ఆ సాయంత్రమే సరిచేసుకున్నాడు. బస్టాండులో బళ్ళు టైముకి పోవాలి కదా.

మూడు నెలలకి డ్రైవరు భార్యకి అదే బస్టాండులో టిక్కెట్ల కౌంటర్లో ఉద్యోగమిచ్చారు. ఆమె చేరిన వారంలోనే ముల్లు అర్జీ పెట్టుకుని డిపో స్టోర్సుకి మార్పించుకున్నాడు. టైర్లు, నట్లు, గ్రీజు డబ్బాలు. అక్కడ దేనికీ వేళంటూ లేదు. ముల్లన్న పేరు కూడా నెమ్మదిగా పోయింది. కొత్త డ్రైవర్లు "స్టోర్సు పెద్దాయన" అనేవాళ్ళు.

కానీ ఏడాదికొకసారి ఆ తేదీ వచ్చేది. మనవరాలి పుట్టినరోజు. మొదటి ఏడాది కూతురింట్లో దీపాలు, బెలూన్లు, చుట్టాలు. సాయంత్రం ఐదు దాటగానే ఆయన లేచి చెప్పులు వేసుకున్నాడు. ఎనిమిదైనా రాలేదు. వెతగ్గా వెతగ్గా పార్కు గోడ మీద కూర్చుని దొరికాడు. కూతురికి దుఃఖం ఆగలేదు.

"మావయ్య పోయినందుకు నాకు మాత్రం బాధ లేదా నాన్నా? దానికి నా బిడ్డేం చేసింది? దాని ముఖం చూస్తే నీకు ఆ రాయే కనిపిస్తే ఎలా?"

"దాని ముఖం చూస్తే అలా కాదమ్మా. గడియారం చూస్తేనే."

ఆ పిల్ల ఎక్కువ ఏడుస్తుంటే ఎత్తుకునేదీ, అక్షరాలు నేర్పిందీ, జ్వరమొస్తే పక్కన కూర్చునేదీ ఆయనే. ఏడాదిలో ఒక్క సాయంత్రమే ఆయనకి చేతకాలేదు. దాంతో కూతురే ఉపాయం ఆలోచించింది. రెండో ఏడాదినుంచి పుట్టినరోజు పొద్దున్నే చేసేవాళ్ళు, ఎనిమిదింటికల్లా కేకు కోసేసేవాళ్ళు. పుట్టినరోజులంటే లోకంలో అందరికీ పొద్దున్నే అవుతాయని ఆ పిల్ల చాలాకాలం అనుకుంది. స్నేహితురాలు సాయంత్రం పార్టీకి పిలిస్తే "అప్పటికి అయిపోతుంది కదా?" అని అడిగిందట.

అలా పదకొండేళ్ళు వెళ్ళిపోయాయి. ఆయన రిటైరయ్యాడు. కళ్ళల్లో పొర కమ్మిందని కంటాస్పత్రికి వెళ్ళాడు. పొడుగాటి వరండా, గోడ పొడవునా బల్ల. నర్సు ఒక్కొక్కరికీ చుక్కల మందు వేసి, అరగంట కళ్ళు మూసుకుని కూర్చోమంటోంది. ఆయన వంతు ఇంకా రాలేదు. పక్కన కళ్ళు మూసుకుని కూర్చున్న ఆవిడ వైపు యథాలాపంగా చూశాడు. డ్రైవరు భార్య. జుట్టు తెల్లబడింది. ఒళ్ళో చీటీ పట్టుకుని నిటారుగా కూర్చుంది.

లేచి ఇంకో చోటికి వెళ్ళిపోవాలనుకున్నాడు. ఇంతలో దగ్గొచ్చింది.

"మీరేనా?" అంది ఆమె, కళ్ళు తెరవకుండానే.

"నేనేనమ్మా."

వరండా చివర ఎవరో పిల్లవాణ్ణి బుజ్జగిస్తున్నారు.

"వదిన బాగుందా?"

"బాగుంది. మోకాళ్ళ నొప్పులు."

"మనవరాలు?"

"ఆరో క్లాసు."

ఆమె తలూపింది. తర్వాత, ఎవరి గురించో చెబుతున్నంత మామూలుగా అంది.

"ఆ మందులావిడ మా ఇంటికొచ్చింది. అప్పట్లో. నా కాళ్ళ మీద పడబోయింది. బండి టైముకే వెళ్ళిందని కంట్రోలరు గారు వాచీ చూపించి మరీ చెప్పారండీ, మీరు కూడా చెప్పండి అంది."

"ఏం చెప్పావు?"

"అవునమ్మా, ఆయన ఎప్పుడూ టైముకే పంపుతాడు అన్నాను."

పదకొండేళ్ళు ఆ ప్రశ్న ఆయన గుండెలో ఉండిపోయింది. ఆమె తన అబద్ధాన్ని కాపాడి ఉంటుందని ఆయన కలలో కూడా అనుకోలేదు. "నీ రుణం..." అని ఏదో అనబోయాడు.

"మీ కోసం అనలేదు" అంది ఆమె. "ఆవిడ ముఖం చూస్తే చెప్పబుద్ధి కాలేదు. బతికున్నంతకాలం ఆ నాలుగు నిమిషాలు మోయాలి పాపం, ఎందుకులే అనిపించింది. మీకూ అలాగే అనిపించి ఉంటుంది."

"అవునమ్మా."

"మరి నాకెందుకు చెప్పారు?"

ఆయన చేతిలోని చీటీని మడత పెట్టాడు.

"అప్పటిదాకా రాయి పడి పోయాడనుకుని ఏడ్చేదాన్ని. అదొక ఏడుపు. కొండని తిట్టుకునేదాన్ని, వానని తిట్టుకునేదాన్ని, దేవుణ్ణి తిట్టుకునేదాన్ని. మీరొచ్చి చెప్పి వెళ్ళాక ఇంకెవర్నీ తిట్టలేకపోయాను. మిమ్మల్ని తిడదామంటే, మీరు మంచికే ఆపారు. పదకొండేళ్ళు ఆ బండికి నేనే టిక్కెట్లు ఇచ్చాను. రోజూ ఐదూ నలభై అయ్యేసరికి ఆపమ్మా ఆపు అని ఎవరో ఒకరు పరిగెత్తుకొస్తారు. వాళ్ళని చూస్తే, వాళ్ళు ఎక్కాలని ఉంటుందో, ఎక్కకూడదని ఉంటుందో నాకే తెలిసేది కాదు."

మూసిన కళ్ళ అంచునుంచి చుక్కల మందో, కన్నీళ్ళో, చెంప మీదికి జారాయి. ఆమె తుడుచుకోలేదు. నర్సు తుడవొద్దంది.

"నిజం చెప్పాలనుకున్నానమ్మా" అన్నాడు ముల్లు. "నీ దగ్గర దాచకూడదనుకున్నాను."

"మీకు బరువుగా ఉండి దింపుకున్నారు. ఎవరి మీద దింపుతున్నారో చూసుకోలేదు." ఆమె గొంతులో కోపం లేదు. కోపమైతే ఆయనకి కాస్త తేలికయ్యేది. "పోనీలెండి. అయిపోయింది."

ఆయన వంగి, మోకాళ్ళ మధ్య చేతులు పెట్టుకుని కూర్చున్నాడు. ఆ ఇంటి గుమ్మం దాటి వచ్చిన రోజున తనకి ఒళ్ళు కొంచెం తేలికపడ్డ సంగతి ఇప్పుడు గుర్తొచ్చింది. ఆ రోజు భయంగా ఉన్నా, నడుస్తుంటే ఊపిరి ఆడింది. ముక్కూ ముఖం తెలియని మనిషి కోసం వాచీ వెనక్కి తిప్పాడు. చెల్లెమ్మా అని పిలిచినావిడకి మాత్రం నాలుగు నిమిషాలూ తూచినట్టు అప్పజెప్పి వచ్చాడు. తప్పు ఆపడంలో ఉందని ఇన్నేళ్ళూ ఆ ఒక్కదాన్నే తీసివేస్తూ కూర్చున్నాడు. చెప్పింది ఎప్పుడూ లెక్కలోకి రాలేదు.

"క్షమించమని అడగను" అన్నాడు.

"అడక్కండి."

లోపలినుంచి ఆమె నంబరు పిలిచారు. ఆమె లేచి, బల్ల అంచు పట్టుకుని నిలబడింది. ద్వారం దగ్గరున్న అటెండరు ఇద్దర్నీ చూసి ఒకింటివాళ్ళే అనుకున్నాడు.

"పెద్దాయనా, చెయ్యి పట్టుకుని తీసుకురండి. అక్కడ మెట్టుంది, మందు వేశాక సరిగ్గా కనబడదు."

ముల్లు లేచాడు గానీ చెయ్యి చాపడానికి ధైర్యం చాల్లేదు. ఆమె ఒక్క క్షణం అలాగే నిలబడింది. తర్వాత చేతిని గాల్లోకి చాపింది. ఆయన పట్టుకున్నాడు. చల్లగా, తేలిగ్గా, ఎముకలు తెలుస్తూ ఉంది. ఇద్దరూ చిన్న చిన్న అడుగులేస్తూ నడిచారు.

"మెట్టు వచ్చినప్పుడు చెప్పండి" అంది ఆమె.

"ఇంకా దూరముంది" అన్నాడాయన. "నెమ్మదిగా రా."